సోఫా కదపకండి

"ఒక్క పూట షూటింగ్ అంకుల్" అన్నారు సినిమా తీసే కుర్రాళ్లు. హైదర్‌గూడలో అద్దెకొచ్చేవాళ్లు కూడా అంత మర్యాదగా అడగరు. ముందుగది ఇచ్చేశాను.

పొద్దున ఆరింటికి ఏడుగురు దిగారు. కెమెరా ఒక్కటే అద్దెది. మిగతా సరంజామా ఇంట్లోదే, అంటే మా ఇంట్లోదే. మైకును మా బూజుకర్రకు కట్టారు. వీధిలో ట్రాలీ షాటుకి టమాటాల తోపుడుబండిని సరుకుతో సహా మాట్లాడారు. కెమెరామన్ టమాటాల పక్కన కూర్చున్నాడు. బండతను తోస్తూ తోస్తూ, అలవాటు కొద్దీ "టమాటాలో..." అని కేకేశాడు. ఆ టేకు పోయింది.

"ఫ్యాన్ బంద్ చేయుండ్రి అంకుల్" అంటే చేశాను. ఫ్రిజ్ ఆపమంటే ఆపాను, పాలు విరిగాయి. నారాయణగూడ వెళ్లే బస్సునెవరాపుతారు? హీరోయిన్ "వెళ్లిపోతున్నా" అన్నప్పుడల్లా అది ఆమెకన్నా ముందే వెళ్లిపోయేది.

హీరో అశోక్‌నగర్‌లో గ్రూప్స్‌కి చదివే కుర్రాడు. మధ్యాహ్నం టెస్టుందని వెళ్లి, వారానికి గుండుతో వచ్చాడు. తిరుపతి మొక్కట. దర్శకుడు కాసేపు నేల చూపులు చూసి, మంకీక్యాప్ తెమ్మన్నాడు. తలుపు కొట్టేటప్పుడు జుట్టు, లోపలికొచ్చేసరికి మంకీక్యాప్, అదీ మే నెలలో! "జ్వరమేంట్రా?" అని తండ్రి అడిగితే సరిపోతుందన్నారు. ఆ తండ్రిని నేనే. గదిలో ఖాళీగా ఉన్నది నేనొక్కణ్ణే మరి.

'సినిమా బండి' (2021) నెట్‌ఫ్లిక్స్‌లో చూసినప్పుడు, ఆటోలో ఎవరో మరిచిపోయిన కెమెరాతో డ్రైవరు సినిమా తీయడం, మంగలి హీరో, కూరగాయలమ్మే అమ్మాయి హీరోయిన్ కావడం... మరీ అతి అనుకున్నాను. మా వీధి టమాటాలు చూశాక అది డాక్యుమెంటరీ అనిపించింది. నగేష్ కుకునూర్ 'హైదరాబాద్ బ్లూస్' (1998)ను 17 లక్షలతో, 17 రోజుల్లో ముగించి, హీరో వేషం కూడా తానే ఎందుకు వేశాడో ఇప్పుడర్థమైంది. సొంత తలైతే మన చెప్పుచేతల్లో ఉంటుంది. 2011లో రాంగోపాల్ వర్మ 'దొంగల ముఠా'ను 5 రోజుల్లోనే చుట్టేశాడు. ఎవరికీ మొక్కు తీర్చుకునే వ్యవధి లేదు.

వెళ్లేటప్పుడు దర్శకుడు వినయంగా అన్నాడు: "క్యాప్ బాలేదంకుల్, జుట్టొచ్చాక మళ్లీ తీస్తాం. అప్పటిదాకా సోఫా కదపకండి, కంటిన్యుటీ!"

సోఫా గది మధ్యలో ఏటవాలుగా ఉంది. మేం దాన్ని ప్రదక్షిణం చేసి వంటింట్లోకి వెళ్తున్నాం. మొన్న చిక్కడపల్లి లైబ్రరీ దగ్గర ఆ కుర్రాడు నమస్తే పెట్టాడు. నేను ముందు వాడి తల చూశాను.

అంగుళం.