బురుజుల ఊళ్లు, బొమ్మల గోడలు

రొమేనియాలో కోటలు చూపిస్తామనే యాత్ర ఏదైనా ముందు బ్రాన్ దగ్గరే ఆగుతుంది. మాదీ అంతే. బ్రషోవ్ నగరానికి అది దగ్గరే. కొండల మధ్య దారి ఇరుకయ్యే చోట, బండ మీద నిటారుగా లేచిన రాతి కోట. కింద పెద్ద సంత. సంతలో ఎటు చూసినా ప్లాస్టిక్ కోరలు, నల్లకోట్లు, నెత్తురు కారుతున్నట్టు రంగు పూసిన కప్పులు. డ్రాక్యులా కోట అని పేరు పడిపోయింది, జనం ఆ పేరు చూసే వస్తున్నారు.

మా గైడ్ బ్రషోవ్‌లో పుట్టి పెరిగిన ఆవిడ. చాలా ఏళ్లు బడిలో చరిత్ర చెప్పి, రిటైరయ్యాక ఈ పనిలోకి వచ్చారు. కోట గుమ్మం దాటకముందే మమ్మల్ని పక్కకు పిలిచి అసలు సంగతి చెప్పారు. 1897లో డ్రాక్యులా నవల అచ్చయింది. రాసిన బ్రామ్ స్టోకర్ ఈ నేల మీద ఎన్నడూ అడుగు పెట్టలేదు. అందులోని రక్తపిశాచి పాత్రకు పేరు దొరికింది వల్లాకియాను ఏలిన వ్లాద్ సెపెష్ దగ్గర. ఆయనకు ఈ కోట ఏనాడూ సొంతం కాదు. 1377లో హంగరీ రాజు మొదటి లూయీ, బ్రషోవ్‌లోని సాక్సన్లకు, అంటే అక్కడ స్థిరపడిన జర్మన్లకు, ఇక్కడ కోట కట్టుకోమని అనుమతి పత్రం రాసిచ్చాడు. ఖర్చూ వాళ్లదే, కష్టమూ వాళ్లదే. ట్రాన్సిల్వేనియాకూ వల్లాకియాకూ మధ్య ఉన్న ఈ కనుమను కాపలా కాయడం, దాటివెళ్లే సరుకు మీద సుంకం తీసుకోవడం, కోట కట్టింది ఇందుకే. ఆ మాట విన్నాక బురుజులోని ప్రతి కిటికీ రోడ్డు వైపే ఎందుకు చూస్తున్నట్టుందో అర్థమైంది.

ఈ గదుల్లో ఇష్టంగా బతికిన మనిషి మరియా మహారాణి. ఇంగ్లండు విక్టోరియా రాణికి మనవరాలు, రొమేనియా రాజు ఫెర్దినాంద్‌కు భార్య. 1920లో బ్రషోవ్ నగరం ఈ కోటను ఆమెకు కానుకగా ఇచ్చింది. సిపాయిలు కాపలా ఉన్న చోటును ఆమె ఇల్లుగా మార్చుకుంది. తెల్లసున్నం గోడలు, చెక్కడపు పని చేసిన కొయ్య సామాను, వంగి దాటాల్సిన గుమ్మాలు ఇప్పటికీ అలాగే ఉన్నాయి. ఆమె తర్వాత కోట కూతురు ఇలియానాకు వచ్చింది. రెండో ప్రపంచ యుద్ధంలో గాయపడిన సిపాయిల కోసం ఇలియానా బ్రాన్‌లో ఆసుపత్రి నడిపింది. 1948లో కమ్యూనిస్టు ప్రభుత్వం కోటను తీసేసుకుంది. దేశం విడిచిన ఇలియానా అమెరికా చేరి, చివరకు సన్యాసం పుచ్చుకుని, పెన్సిల్వేనియాలో సన్యాసినుల కోసం ఆర్థడాక్స్ మఠం స్థాపించింది. 2006లో కోట ఆమె పిల్లల చేతికి తిరిగి వచ్చింది. ఏ కల్పిత కథ కన్నా గొప్ప కథ ఇది. అయినా మా ముందు వెళ్తున్న గుంపు ఆమె ఫోటో దగ్గర ఆగలేదు. రక్తపిశాచి గది ఎక్కడని అడుగుతూ మెట్లెక్కేసింది.

బ్రషోవ్‌లో నల్ల చర్చి చూశాం. 1689లో ఊరిని కాల్చిన పెద్ద మంటల్లో ఇదీ కాలింది. చల్లటి రాతి గోడల నడుమ అనతోలియా తివాచీలు వేలాడుతుంటే మొదట నమ్మబుద్ధి కాలేదు. తూర్పుతో వ్యాపారం చేసిన సాక్సన్ వర్తకులు, వృత్తి సంఘాల వాళ్లు తెచ్చి తమ చర్చికి సమర్పించుకున్నవవి. తురకలతో యుద్ధాలు నడిచిన శతాబ్దాల్లోనే తురకల నేతపని లూథరన్ చర్చి గోడలెక్కింది. సరిహద్దు ప్రాంతాల బతుకు అలా ఉంటుంది.

మరుసటి ఉదయం వీస్క్రి అనే పల్లెకు బయల్దేరాం. మా బస్సులో సగం మంది జర్మన్లు. వాళ్లలో కొందరు పుట్టింది ఈ ప్రాంతంలోనేనని ఆ దారిలో తెలిసింది. తెలుగువాళ్లు నాతోపాటు ఒక జంట. ఆయన నెల్లూరు జిల్లాలో లెక్కల మాస్టారుగా చేసి రిటైరయ్యారు. కూతురు మ్యూనిక్‌లో ఉద్యోగం చేస్తోంది. మట్టిరోడ్డు, రోడ్డుకు రెండు వైపులా లేతనీలం, పసుపు, ఆకుపచ్చ రంగుల ఇళ్లు, ఒక్కో ఇంటికి గుర్రబ్బండి పట్టేంత కొయ్య తలుపు. ఊరి చివర మిట్ట మీద తెల్లటి చర్చి, దాని చుట్టూ గోడ, గోడకు బురుజులు.

“గుడికి ఈ బురుజులేంటి బాబూ? లోపల దేవుణ్ణి దాచారా, మనుషుల్నా?” అన్నారు మాస్టారు.

“మనుషుల్నే మాస్టారూ. తిండిగింజల్ని కూడా,” అని గైడ్ చెప్పింది తెలుగులో చెప్పాను.

12వ శతాబ్దం మధ్యలో హంగరీ రాజు రెండో గేజా పిలిస్తే, రైన్, మోసెల్ నదుల వైపు నుంచి వచ్చి ఇక్కడ భూములు సాగు చేసుకున్నారు ఈ సాక్సన్లు. 1241లో మంగోలులు వచ్చి ఊళ్లు ఊడ్చేశారు. తర్వాతి శతాబ్దాల్లో ఒట్టోమన్ దాడులు మొదలయ్యాయి. వేరే కోట కట్టే స్తోమత పల్లెలకు ఎక్కడిది? ఊళ్లో గట్టి కట్టడమంటే చర్చి ఒక్కటే. దాని చుట్టూనే గోడ లేపారు, బురుజులు కట్టారు. దాడి కబురు రాగానే పిల్లాజెల్లాతో ఊరంతా లోపలికి చేరేది. ఇలాంటి చర్చికోటలు ట్రాన్సిల్వేనియాలో నూటయాభైకి పైగా మిగిలాయి.

వీస్క్రిలో ఒక బురుజు పేరు కొవ్వు బురుజు. ఉప్పు పట్టించి పొగబెట్టిన పందికొవ్వు పలకల్ని ఇంటింటి వాళ్లూ అందులోనే వేలాడదీసుకునేవారు. గోడ వెంట కొయ్య గాదెల్లో ధాన్యం ఉండేది. శత్రువు ఎప్పుడొస్తాడో తెలియదు కాబట్టి తిండి ఎప్పుడూ కోటలోనే ఉండాలి. మాంసం కోసుకున్న చోట ముద్ర వేసి, మళ్లీ వచ్చినప్పుడు ముద్ర చెదిరిందేమో చూసుకునేవారట. దూరంగా ఉన్న దర్జియూ అనే ఊళ్లో ఈ అలవాటు ఇప్పటికీ పోలేదు. అక్కడివాళ్లు హంగేరియన్ మాట్లాడే సేక్లర్లు. కొవ్వు పలకలు నేటికీ చర్చికోటలోనే వేలాడతాయి. ఆ గాదెల ముందు నిలబడి నేను చాలాసేపు కదల్లేకపోయాను. రాజు ఆజ్ఞతోనో ఖజానా డబ్బుతోనో కట్టినవి కావు ఇవి. రైతులు తమ తిండిని, తమ పిల్లల్ని కాపాడుకోవడానికి తమ చేతులతో ఎత్తిన గోడలు.

అన్ని దాడులకూ తట్టుకున్న ఆ జనం 20వ శతాబ్దానికి తట్టుకోలేకపోయారు. 1945 జనవరిలో పనిచేయగల వయసు వాళ్లను వేలకు వేలు సోవియట్ శ్రమ శిబిరాలకు పంపారు. 1978 తర్వాత పశ్చిమ జర్మనీ తలకింత అని డబ్బు చెల్లిస్తే చౌషెస్కు కమ్యూనిస్టు ప్రభుత్వం జర్మన్లను ఏటా కొన్ని వేల మంది చొప్పున వెళ్లనిచ్చింది. ఆ ప్రభుత్వం కూలాక, 1990 ఒక్క ఏడాదిలోనే లక్ష మందికి పైగా జర్మన్లు రొమేనియా వదిలిపోయారు. ఎనిమిది శతాబ్దాల ఊళ్లు కొన్ని నెలల్లో ఖాళీ అయ్యాయి. మాతో వచ్చిన ఒక పెద్దావిడ, పక్క ఊరామె, చర్చి బల్ల మీద కూర్చుని లేవలేదు. మేం బయట తిరిగి వచ్చేదాకా అక్కడే ఉంది. ఎవరూ ఆమెను పలకరించలేదు, పలకరించడం భావ్యంగా అనిపించలేదు.

వీస్క్రి పూర్తిగా చచ్చిపోలేదు. మిహాయ్ ఎమినెస్కు ట్రస్టు ఇక్కడి ఇళ్లను పాత పద్ధతిలో, సున్నంతో, స్థానిక పనివాళ్లతోనే బాగుచేయించింది. ఇప్పటి బ్రిటన్ రాజు చార్లెస్ యువరాజుగా ఉన్నప్పుడు 2006లో ఈ ఊళ్లో ఒక ఇల్లు కొన్నారు, దాంతో ఊరి పేరు బయటికి తెలిసింది. ఇప్పుడున్నవాళ్లలో ఎక్కువమంది రొమేనియన్లు, రోమా తెగవాళ్లు. ఆడవాళ్లు ఉన్ని మేజోళ్లు అల్లి గుమ్మాల ముందు అమ్ముతున్నారు. కోట సాక్సన్లది కావచ్చు, ఈ రోజు దాన్ని బతికిస్తున్నది ఈ చేతులే. ఇలాంటి ఊరికి మా కార్యక్రమంలో ఇచ్చిన సమయం, బ్రాన్ సంతకు ఇచ్చిన దానికన్నా తక్కువ. అది నాకు చాలా బాధగా ఉంది.

తర్వాత చూసిన సిగిషోవారా మిట్ట మీది పట్టణం. గోడల లోపల ఇప్పటికీ జనం కాపురముంటున్నారు. బురుజుల బాధ్యత వృత్తి సంఘాలది: దర్జీలకొకటి, తోళ్లు ఊనేవాళ్లకొకటి, కసాయివాళ్లకొకటి, తాళ్లు పేనేవాళ్లకొకటి. మొత్తం పద్నాలుగులో తొమ్మిది నిలిచాయి. 64 మీటర్ల గడియారం బురుజు మీద కొయ్య బొమ్మలున్నాయి. వారానికి ఏడు రోజులకూ ఏడుగురు గ్రహదేవతలు. అర్ధరాత్రి దాటగానే ఆ రోజు దేవత ముందుకొస్తుంది. సోమవారం చంద్రుడి వంతు, మంగళవారం కుజుడిది, బుధవారం బుధుడిది. మాస్టారి భార్య వేళ్ల మీద లెక్కపెట్టి, “మన వరసేనండీ!” అని సంబరపడ్డారు. కొండ మీది బడికి పిల్లలు మంచులో తడవకుండా 1642లో కట్టిన కొయ్య మెట్లదారి ఉంది. పైన కప్పుతో, 175 మెట్లు. చదువు కోసం ఒక ఊరు పడ్డ శ్రద్ధకు అంతకన్నా సాక్ష్యం అక్కర్లేదు.

ఈ పట్టణం పక్కనే, వందల ఏళ్ల ఓక్ చెట్లున్న బ్రైతె మైదానంలో డ్రాక్యులా పార్కు కడతామని 2001లో రొమేనియా ప్రభుత్వం ప్రకటించింది. ఊరివాళ్లు, పర్యావరణవాదులు, చరిత్ర ప్రేమికులు గట్టిగా ఎదురు తిరిగాక ఆ ఆలోచన మానుకున్నారు. చెట్లు బతికాయి.

అక్కణ్నుంచి బికాజ్ లోయ మీదుగా కార్పాతియన్ పర్వతాలు దాటి బుకొవీనా ప్రాంతం చేరేసరికి పొద్దుపోయింది. ఇక్కడ మఠాల చర్చిలకు బయటి గోడల మీద బొమ్మలుంటాయి, చూరు నుంచి పునాది దాకా. వొరొనెట్స్ చర్చిని 1488లో మోల్దావియా పాలకుడు మహా స్తెఫాన్ నాలుగు నెలలు నిండకుండా కట్టించాడు. 1547లో బయటి గోడల మీద బొమ్మలు వేయించారు. పడమటి గోడకు కిటికీ ఒక్కటీ లేదు, గోడంతా అంతిమ తీర్పే. పైన రాశిచక్రం చుట్టేస్తున్న దేవదూతలు, కింద ఎర్రటి అగ్నినది, తాము మింగిన మనుషుల కాళ్లూ చేతులూ నోట కరచుకొచ్చి తిరిగి అప్పగిస్తున్న మృగాలు. వెనక అంతా నీలం. ఆ నీలం దాదాపు అయిదు శతాబ్దాల ఎండావానా ఓర్చుకుంది. అదే కాలంలో మన లేపాక్షిలో వీరభద్రుడి గుడి కప్పుకు బొమ్మలు వేశారు. లేపాక్షి బొమ్మలకు మండపం నీడ ఉంది. వీటికి చూరు ఒక్కటే దిక్కు. గాలీ మంచూ కొట్టే ఉత్తర గోడ మీద చాలా బొమ్మలు చెరిగిపోయాయి.

మొల్దొవీత్సా మఠంలో మాకు గోడ చూపించింది ఒక సన్యాసిని. చేతిలో సన్నటి కర్ర, స్వరం నెమ్మది, ఏ మాటా తడుముకోదు. దక్షిణ గోడ మీద కాన్‌స్టాంటినోపుల్ ముట్టడి ఉంది. కథ 626 నాటిది, మరియమాత కృపతో నగరం బయటపడిన కథ. గోడ మీద మాత్రం శత్రువులకు తురక తలపాగాలు, పక్కన ఫిరంగులు. 1453లో అదే నగరం ఒట్టోమన్ల చేతికి పోయిందని బొమ్మ వేసినవాళ్లకూ వేయించినవాళ్లకూ తెలుసు. తెలిసే, గెలిచిన రోజును గోడకెక్కించారు. బొమ్మలు 1537లో వేయించినది మోల్దావియా పాలకుడు పెత్రు రారెష్. మరుసటి ఏడాదే సుల్తాన్ సులేమాన్ సైన్యంతో వచ్చి ఆయన్ను గద్దె దింపాడు. ఆమె ఈ మాట చెప్పి కాసేపు ఊరుకుంది. చదువురాని భక్తులకు గోడలే పుస్తకాలని గైడ్లందరూ చెబుతారు. ఇక్కడ చూస్తే ఆ గోడ ఒక పాలకుడి ప్రార్థన కూడా.

బొమ్మల్ని గీకి రాసిన పేర్లు ఈ గోడల మీద కనిపిస్తాయి, 19వ శతాబ్దపు తేదీలతో సహా. 18వ శతాబ్దం చివర్లో ఆస్ట్రియా ఏలుబడిలో ఈ మఠాలు మూతబడ్డాయి. కాపలా లేని గోడ మీద ఎవడి పేరు వాడు చెక్కుకున్నాడు. వొరొనెట్స్‌కు సన్యాసినులు తిరిగి వచ్చింది 1991లోనే. ఇప్పుడు వాళ్లే తోట తవ్వుతారు, టికెట్లిస్తారు, బొమ్మ దగ్గరికి చెయ్యి వెళితే వెంటనే వారిస్తారు. సుచెవీత్సాలో సాయంత్రం ప్రార్థన వేళ ఒక సన్యాసిని పొడవాటి చెక్కను భుజాన మోపి, సుత్తితో వాయిస్తూ చర్చి చుట్టూ తిరిగింది. కోటగోడ నడుమ ఉన్న మఠం అది, నాలుగు మూలలా బురుజులు. కోట, మఠం అని వేరువేరుగా యాత్ర పుస్తకంలో రాస్తారు గానీ ఈ నేల మీద ఆ తేడా లేదు.

వెళ్లాలనుకునేవాళ్లకు నాలుగు మాటలు. 2025 జనవరి 1 నుంచి రొమేనియా పూర్తిగా షెంగెన్‌లో ఉంది కాబట్టి జర్మనీకి, ఫ్రాన్స్‌కు తీసుకునే షెంగెన్ వీసాతోనే ఇక్కడికీ వెళ్లొచ్చు. మఠాల్లో భుజాలు, మోకాళ్లు కప్పే బట్టలు వేసుకోండి. యాత్రకు డబ్బు కట్టకముందే ఏ ఊళ్లో ఎన్ని గంటలు ఆపుతారో అడగండి. వొరొనెట్స్ ఒక్కటే చూపించి తిప్పేస్తామంటే మొల్దొవీత్సా కూడా కావాలని పట్టుబట్టండి. బ్రాన్‌కు ఒక పూట చాలు. వీస్క్రిలో మాత్రం ఒక రాత్రి ఉండండి, ఊరివాళ్లే గదులు అద్దెకిస్తారు.