ముత్యాలకు చింతపండు వద్దు

ఇత్తడి బిందెలు తోమిన చేత్తోనే, మా అమ్మ ఇచ్చిన ముత్యాల కమ్మల్ని చింతపండు పులుసులో నానేశాను. పెద్దమ్మాయి పెళ్ళికి తళతళలాడతాయనుకున్నా. తెల్లారి తీసి చూస్తే సుద్దముక్కల్లా ఉన్నాయి. ఏడుపొక్కటే తక్కువ.

స్వాతి చినుకు చిప్పలో పడితే ముత్యమవుతుందనేది అమ్మ. నిజానికి ఏ పరాన్నజీవో లోపల చేరితే, ఆల్చిప్ప తన చిప్పకు పూసుకునే మెరుపునే దాని చుట్టూ పొరలు పొరలుగా కడుతుంది. ఆ పూత చాలావరకు కాల్షియం కార్బొనేటు. మన జగ్గయ్యపేట వైపు సున్నపురాయీ అదే! పులుపు తగిలితే కరగదూ మరి?

ఒకప్పుడు హైదరాబాదు పత్తర్‌గట్టీకి పర్షియా గల్ఫు నుంచి బస్రా ముత్యాలొచ్చేవి. మన దేశంలో తూత్తుకుడి దగ్గర సముద్రంలో మునిగి చిప్పలు తీసేవారు. అక్కడే 1973లో మన శాస్త్రవేత్తలు ఆల్చిప్పలో చిన్న పూస నాటి ముత్యం పెంచారు. ఇప్పుడు కొట్లలో ఎక్కువగా చైనా మంచినీటి ముత్యాలే. పెంచినవైనా అవీ అసలువే. పంటికి మెల్లగా రాస్తే గరగరలాడతాయి, ప్లాస్టిక్ పూసలైతే జారిపోతాయి.

సెంటు, పౌడరు అయ్యాకే పెట్టుకోండి. తీశాక మెత్తటి గుడ్డతో తుడిస్తే చాలు.

కొత్తవి కొంటానంటే మా అమ్మాయి ఒప్పుకోలేదు. పీటల మీద అమ్మమ్మ కమ్మలే పెట్టుకుంది.