ఇరువదియేండ్ల యిల్లు

మన భాషలో అప్పునకు ఉన్నన్ని పేర్లు ఆస్తికి లేవు. ఋణము, బాకీ, అరువు, చేబదులు, తాకట్టు, తనఖా, కుదువ: ఒక్కొక్క మాటకు ఒక్కొక్క మర్యాదయు, ఒక్కొక్క సిగ్గును గలవు. చేబదులు పుచ్చుకొన్నవాడు తలయెత్తుకొని తిరుగును. నగ తాకట్టు పెట్టబోవువాడు ప్రొద్దుగ్రుంకిన పిమ్మట బయలుదేరును. ఇన్ని మాటలుండగా, ఇంటికొఱకు బ్యాంకువారియొద్ద చేయు అప్పునకు మాత్రము మనవారు 'లోను' అను పరభాషాపదమునే వాడుదురు. "ఆయనకు లోను వచ్చినది" అందురే కాని "ఆయన అప్పుపడెను" అని యెవ్వరును అనరు. పరీక్షలో కృతార్థుడైన పిల్లవానిని మెచ్చుకొన్నట్లు లోను వచ్చినవానిని మెచ్చుకొందురు. ఆ సందర్భమున పాఠశాలలో మిఠాయి పంచిన ఉపాధ్యాయులను గూడ నేనెఱుగుదును. తెలుగులో లోనగుట యన వశమగుట యని యర్థము. భాషలు చెప్పుకొని బ్రతుకువాడ నగుటచే ఈ శ్లేష నాకు తఱచుగ జ్ఞప్తికి వచ్చుచుండును.

మాది పాయకరావుపేట. తాండవనదికి ఈవల మా యూరు, ఆవల తుని. 2022 ఏప్రిలు వఱకు మేము విశాఖపట్టణము జిల్లావారము. ఇప్పుడు అనకాపల్లి జిల్లావారము. జిల్లాలు మాఱినను నెలజీతము గల సంసారులకు ఇంటి పిచ్చి మాఱలేదు. ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని పెద్దలు ఆ రెంటిని వేఱువేఱుగ చెప్పిరి. నేడవి యొక్కటైనవి. పిల్లనిచ్చువారు మొదట ఇల్లు చూతురు. వారి చూపుకొఱకు వరుని తండ్రి అప్పుచేసి పైయంతస్తు వేయును. కట్నమును ఖండించు సభలలో ఈ పైయంతస్తుల ప్రస్తావన నేనెన్నడును వినలేదు.

గడచిన యేట నా సహోద్యోగి యొకరు 30 లక్షల గృహఋణమునకు దరఖాస్తు పెట్టిరి. వయస్సు నలుబదిమూడు. వడ్డీ నూటికి సంవత్సరమునకు ఎనిమిదిన్నర. గడువు 20 ఏండ్లు. నెలసరి కిస్తీ 26,035 రూపాయలు. ఒప్పందపత్రము ఆంగ్లములో పెక్కు పుటలు గలదిగా నుండుటచే, చదివి సారము చెప్పుమని ఒక ఆదివారము నన్ను తమ యింటికి పిలిచిరి. ఆయన భార్యయు అందు సహఋణగ్రహీత. ఆమె చదువు పదవతరగతితో ఆగినది. కాని ఆ యింటి జమాఖర్చుల పుస్తకము ఆమె చేతిలోనే యున్నది. పాలవాని లెక్క పదిరూపాయలు తప్పినను పట్టుకొనునట్టిది. ఆ పత్రముపై సంతకము చేయుటకు మాత్రము ఆమెకు చూపినది సంతకము చేయవలసిన చోటు తప్ప మఱేదియు లేదు.

నేను చదువుచుండగా ఆమె యొక ప్రశ్న వేసెను. "అన్నయ్యగారూ, ఐదేండ్లు కట్టిన తరువాత ఏదైన ఆపద వచ్చి ఇల్లు అమ్మవలసివస్తే, బ్యాంకువాళ్లకు అప్పటికి ఎంత ఇయ్యాలి?"

భర్త వెంటనే "ఇరవైలో ఐదు తీరిపోతాయి కదా, నాలుగోవంతు పోతుంది" అనిరి. ఆ జవాబు చెప్పినవారు పట్టభద్రులు. చదువుకొన్నవారిలో నూటికి తొంబదిమంది ఇట్లే చెప్పుదురని నా నమ్మకము.

కాగితము తీసి లెక్క వేసితిమి. ఐదేండ్లలో వారు కట్టునది 15,62,100 రూపాయలు. అప్పటికి నిలిచియుండు బాకీ సుమారు 26,43,800 రూపాయలు. అనగా పదునైదున్నర లక్షలకు పైగా చెల్లించిన పిమ్మట అసలులో తీరినది మూడులక్షల యేబదియాఱువేలు మాత్రమే.

ఇందు మోసమేమియు లేదు, ఇది గణితము. వడ్డీ ప్రతినెలయు నిలిచియున్న బాకీమీద కట్టబడును. మొదటి నెల బాకీ పూర్తిగా 30 లక్షలు గనుక ఆ నెల వడ్డీయే 21,250 రూపాయలు. కిస్తీలో మిగిలిన 4,785 రూపాయలు మాత్రమే అసలునకు చేరును. మఱుసటి నెల బాకీ ఆ కొంచెము తగ్గును, వడ్డీ మఱికొంచెము తగ్గును. ఈ నత్తనడకలో, కిస్తీయందు వడ్డీపాలుకంటె అసలుపాలు ఎక్కువయగుటకు పండ్రెండవయేడు రావలెను. అసలులో సగము తీరుటకు పదుమూడేండ్ల పదినెలలు పట్టును. ఇంటి యజమానులమని పేరుబల్ల వ్రేలాడదీసికొన్న మొదటి పదేండ్లు మనము ముఖ్యముగ వడ్డీ కట్టువారమే. ఆంగ్లములో తనఖాకు గల మాట ప్రాచీన ఫ్రెంచిభాషలో 'చచ్చిన కుదువ' అను నర్థమునుండి పుట్టినదని ఆమెకు చెప్పుటకు నాకు నోరు రాలేదు.

మన ధర్మశాస్త్రకారులు కుదువను ఆధి యనిరి. దానిని గోప్యాధి యనియు, భోగ్యాధి యనియు విభజించిరి. దాచియుంచవలసినది మొదటిది, ఋణదాత అనుభవింపదగినది రెండవది. పొలమును భోగ్యముగ పెట్టిన రైతు అప్పు తీఱువఱకు ఆ గట్టు త్రొక్కకుండెడివాడు. కావున తాను అప్పులోనున్నానని ప్రతిదినము అతని కన్నులకు కనబడుచుండెడిది. నేటి గృహఋణమున దస్తావేజులు బ్యాంకుయొద్ద, నివాసము మనయొద్ద. ఇది ఋణగ్రస్తునకు గొప్ప మేలు, సందేహము లేదు. అయినను కంటికి కనబడని అప్పును మఱచుట సులభము.

ఈ సందర్భమున మఱియొక ప్రాతమాట. వడ్డీ అసలుకు సమానమగువఱకే కాని అంతకు మించి పెరుగరాదని మనుస్మృతి విధించినది. దామ్‌దుపట్ అను పేర ఈ నియమమును బొంబాయి రాజధానిలోను, కలకత్తా నగరములోను న్యాయస్థానములు పాటించెను. మా మద్రాసు రాజధానిలో పాటింపలేదు. అయితే స్మృతి చెప్పినది ఒక్కపర్యాయము రాబట్టు వడ్డీని గూర్చి. నెలనెలకు వడ్డీ పుచ్చుకొనువానికి ఆ యడ్డు తగులదు. మనువు తిరిగివచ్చినను నేటి కిస్తీని ఆపలేడు. 1938లో రాజగోపాలాచారిగారి మంత్రివర్గము చేసిన మద్రాసు వ్యవసాయదారుల ఋణోపశమన చట్టము మఱింత సాహసించినది. 1932 అక్టోబరు 1కి పూర్వము చేసిన అప్పు విషయమున రైతు అసలుగానో, వడ్డీగానో మొత్తముమీద అసలుకు రెండింతలు చెల్లించియుండిన, ఆ అప్పు తీఱినట్లే యని శాసించినది. అది ఆనాటి కర్షకుల కష్టమునుబట్టి పుట్టినది, నేటి ఉద్యోగులకు వర్తింపదు. ఐనను కొలతబద్దగా వాడుటకు ఎవరు కాదందురు? నా మిత్రుడు 20 ఏండ్లలో కట్టునది 62,48,000 రూపాయలకు పైన. ఆ చట్టపు కొలతతో చూచిన, అప్పు 231వ నెలలో తీరిపోయి చివరి తొమ్మిది కిస్తీలు మాఫీ కావలెను. అదే ఋణమును 30 ఏండ్లకు తీసికొన్నవానికి తొంబదితొమ్మిది కిస్తీలు మాఫీ కావలెను!

ముప్పదియేండ్ల మాట యెందులకనగా, బ్యాంకు ప్రతినిధి "కిస్తీ బరువనిపించిన గడువు పెంచుదము" అని స్నేహపూర్వకముగ చెప్పి యుండెను. గడువు 30 ఏండ్లయిన కిస్తీ 23,067కు దిగును. నెలకు 2,968 రూపాయల యూరట. ఆ యూరటకు వెల మొత్తపు వడ్డీలో ఇరువదిలక్షలకు పైగా పెంపు. 32 లక్షల 48 వేలు కాస్త 53 లక్షలగును. గడువు 15 ఏండ్లకు తగ్గించిన కిస్తీ 29,542. వడ్డీ 23 లక్షల 18 వేలు. వడ్డీరేటులో పావువంతు తేడాకు నాలుగు బ్యాంకులు తిరుగు మనుష్యుడు గడువును మాత్రము విచారింపకయే ఒప్పుకొనుట నాకెప్పుడును వింతగ తోచును. రాష్ట్రప్రభుత్వోద్యోగులకు 2022 జనవరినుండి పదవీవిరమణ 62వ యేట. నలుబదిమూడవయేట మొదలుపెట్టిన 20 ఏండ్ల అప్పు అఱువదిమూడవయేటగాని తీఱదు.

రేటైనను నిలిచియుండునా? 2019 అక్టోబరునుండి బ్యాంకులు క్రొత్తగ నిచ్చు మారువడ్డీ గృహఋణములు రిజర్వుబ్యాంకు రెపోరేటు వంటి బయటి కొలతకు ముడిపడియున్నవి. ఆ రెపోరేటు 2022 మేలో నూటికి 4 నుండి పైకి మొదలై 2023 ఫిబ్రవరికి ఆఱున్నరకు చేరెను. 7 వంతున 30 లక్షలు తెచ్చిన సంసారి యొకనిని ఊహింపుడు. కిస్తీ 23,259. ఏడాది గడచిన పిమ్మట బాకీ 29,28,600. అప్పుడు వడ్డీ తొమ్మిదిన్నరయైనచో ఒక నెల వడ్డీయే 23,185. కిస్తీ మార్పక కట్టుచుండిన అసలునకు చేరునది డెబ్బదినాలుగు రూపాయలు! ఆ లెక్కన అప్పు తీఱుటకు అఱువదియేండ్లు పట్టును. అక్షరాల ఈ ఉదాహరణము నాదే కాని, ఆ దినములలో కిస్తీ మారకుండ గడువు మాత్రము ఏండ్ల తరబడి సాగిపోయినవారు దేశమంతట నుండిరి. అందుచేతనే 2023 ఆగష్టు 18న రిజర్వుబ్యాంకు, రేటు మాఱినప్పుడు కిస్తీ పెంచుకొనుటయో, గడువు పెంచుకొనుటయో, రెండును కొంతకొంతయో ఋణగ్రహీతనే యెంచుకొననీయవలెనని ఆదేశించినది. 2025లో రెపోరేటు మెట్లుమెట్లుగ దిగి డిసెంబరునకు అయిదుంబావు అయ్యెను. దిగినప్పటి లాభమైనను, ఎక్కినప్పటి నష్టమైనను, బాకీపట్టిక తెప్పించి చూచుకొన్నవానికే తెలియును.

మఱి రెండు చిల్లర విషయములు. ఋణముతో పాటు జీవితభీమా యొకటి అంటగట్టి దాని రుసుమును అసలులో కలుపుదురు. అట్లు కలిపిన లక్షరూపాయలు 20 ఏండ్లలో రెండులక్షల యెనిమిదివేలగును. భీమా మంచిదే, విడిగ కొనవచ్చును. ఇక ఆదాయపు పన్ను మినహాయింపు. పాతపద్ధతిలో సంవత్సరమునకు రెండులక్షల వడ్డీవఱకు అది గలదు. క్రొత్తపద్ధతిలో స్వయముగ నివసించు ఇంటికి లేదు. ఉన్నవారికైనను, ముప్పదిరూపాయల పన్ను తప్పించుకొనుటకు నూరురూపాయల వడ్డీ కట్టుట ఆదాయమెట్లగునో నాకు తెలియలేదు.

ఇట్లని ఇల్లు కట్టరాదని నా యభిప్రాయము కాదు. నేనును అట్టి బాకీ తీర్చుచున్నవాడనే. అద్దెయు తిరిగిరాని సొమ్మే. ఇరువదియవయేటి రూపాయి నేటి రూపాయియంత బరువుండదు. జీతము పెరుగుకొలది కిస్తీ తేలికయగును. కనుక 62 లక్షలను చూచి గుండెలు బాదుకొననక్కరలేదు. అసలైన వెల ఆ మొత్తములో కన్న, మొదటి పదేండ్లలో కదలలేకపోవుటలో నున్నది. పిల్ల చదువునకు దూరపుటూరు పోవలసివచ్చినను, ఒకరి జీతము ఆగినను, వ్యాధి వచ్చినను, ఆ పదేండ్లలో ఇల్లు మనకు ఆసరా కాదు. మనమే దానికి ఆసరా. దానికి నాకు తెలిసిన మందొక్కటే: కరువుభత్యపు బకాయివంటిది చేతికందినప్పుడు అసలులో జమకట్టుట. మారువడ్డీ గృహఋణమును ముందుగ తీర్చినందుకు జరిమానా పుచ్చుకొనరాదని రిజర్వుబ్యాంకు 2012లోనే బ్యాంకులను ఆదేశించినది. నా మిత్రుని ఋణమునకు ఏటేట ఒక్క కిస్తీ అదనముగ కట్టిన గడువులో మూడేండ్లకు పైగా, వడ్డీలో సుమారు ఆఱులక్షలు తగ్గును.

ఆ ఆదివారము లెక్కలు ముగియునప్పటికి దీపములు పెట్టు వేళయయ్యెను. భర్త మౌనముగ నుండిరి. ఆమె కాగితమును తనవైపు త్రిప్పుకొని, "పైయంతస్తు లేకపోతే ఎంత తగ్గుతుంది?" అని యడిగెను. ఎనిమిదిలక్షలు. 22 లక్షలకు 15 ఏండ్ల గడువైన కిస్తీ 21,664; వడ్డీ మొత్తము 17 లక్షలు; ఆయన యేబదియెనిమిదవయేట అప్పు తీఱును. బంధువులేమందురో యని ఆయన సంకోచించిరి. "చువ్వలు పైకి వదిలి కడదాం. మనకు చేతనైనప్పుడు వేసుకుందాం. సంతకం నాది కూడా కదండీ" అని ఆమె యనెను. ఆ తుదిమాట చిన్నది కాదు. సహఋణగ్రహీత యన సగము బాకీకి పూచీపడినది యని మనవారి భ్రమ. భర్తకు ఏమైనను జరిగిన మొత్తము బాకీకి ఆమెయే జవాబుదారు.

2024 అక్టోబరు 1 నుండి ప్రతి క్రొత్త గృహఋణమునకు వడ్డీ, రుసుములు అన్నియు కలిపిన నిజమైన వార్షికరేటును, కిస్తీల పట్టికను చూపు ముఖ్యవివరముల పత్రమొకటి ఇయ్యవలెననియు, అది ఋణగ్రహీతకు తెలిసిన భాషలో నుండవలెననియు నియమము గలదు. ఇది నేను చెప్పగా ఆమె మఱునాడు భర్తతో స్వయముగ బ్యాంకునకు పోయి, 22 లక్షల లెక్కకు తెలుగు పత్రము కావలెనని అడిగెను. నాలుగు దినములకు అది వచ్చెను. రెండురాత్రులు చదివి, ఒకచోట పెన్సిలుతో గీతగీసి, అప్పు తీఱిన పిమ్మట దస్తావేజులు ఎన్నాళ్లకు తిరిగివచ్చునని నన్నడిగించెను. ముప్పది దినములలో, ఆలస్యమునకు బ్యాంకే కారణమైన దినమునకు 5,000 రూపాయల వంతున బ్యాంకు ఇచ్చుకొనవలెనని 2023లో వచ్చిన ఉత్తరువును చెప్పి పంపితిని. దానిని పట్టిక అడుగున తన చేతివ్రాతతో వ్రాసికొని, తరువాత సంతకము చేసెను.