గోడ అవతలి దగ్గు

మా పనికి రెండు సీజన్లు. వినాయక చవితి నుంచి ప్రొద్దుటూరు దసరా ముగిసేదాకా మంటపాల్లో కదిలే బొమ్మలు. ఆ తర్వాత పరీక్షలు ముంచుకొచ్చేదాకా స్కూళ్లలో రోబోలు. చదివింది ఇంజనీరింగే అయినా ఇంట్లో ఇప్పటికీ "మావోడు బొమ్మలు చేస్తాడు" అనే చెప్తారు. మొదట్లో ఆ మాట వింటే ఒళ్లు మండేది. కార్డు మీద 'రోబోటిక్స్ ఇంజనీర్' అని పెద్దక్షరాలతో వేయించుకున్నది ఆ మంటతోనే.

ఆ పెద్దక్షరాలు ముందు మంటపంలో కొంప ముంచాయి. కర్నూలులో ఒక కమిటీకి తొండం, చెవులు ఆడించే వినాయకుణ్ణి చేసిస్తానని ఒప్పుకున్నాను. బొమ్మల పనివాళ్లు ఇలాంటివాటికి లారీ వైపర్ మోటారు వాడతారు. పాత సామాన్ల కొట్లో దొరుకుతుంది. బయట 12 వోల్టుల బ్యాటరీ, లోపల వార్మ్ గేరు, చివర ఒక క్రాంకు. అంతకుమించి దానికి బుర్ర అక్కర్లేదు. నాకేమో బుర్ర లేని యంత్రమంటే చిన్నచూపు. కీలుకొక సర్వో మోటారు, అన్నిటినీ నడిపించడానికి ఆర్డుయినో బోర్డు, త్రీడీ ప్రింటర్లో తీసిన బిగింపులు. ఇంట్లో బల్ల మీద బ్రహ్మాండంగా కదిలాడు స్వామి. మంటపంలో ఆయన పక్కనే హాలోజన్ లైట్లు పెట్టారు. ప్రింటర్లో వాడే పీఎల్ఏ ప్లాస్టిక్ 60 డిగ్రీల దగ్గరే మెత్తబడుతుందని నాకు తెలుసు. ఆ లైట్ల ముందు బొమ్మ లోపల ఎంత వేడి ఉంటుందో మాత్రం కొలవలేదు. మొదటి రాత్రే తొండం వాలిపోయింది. పిల్లలు పట్టుకుని ఊపేసరికి సర్వో గేర్ల పళ్లు రాలాయి. కమిటీవాళ్లు నాతో ఒక్క మాట కూడా అనకుండా లారీ మెకానిక్‌ను పిలిపించారు. ఆయన వైపర్ మోటారు బిగించి, చెయ్యి తుడుచుకుని వెళ్లిపోయాడు. స్వామి వినాయక ఘాట్‌కు బయల్దేరేదాకా అది ఆగలేదు. వార్మ్ గేరు గుణమే అంత. మోటారు క్రాంకును తిప్పుతుంది గానీ, క్రాంకును పట్టుకుని ఎంత లాగినా మోటారు తిరగదు.

అక్కడ పోయింది కొంత డబ్బు, కొంత పరువు. అవి మళ్లీ వచ్చాయి. నేను చెప్పాలనుకున్నది ఆ తర్వాతి సంగతి.

కడప జిల్లాలో ఒక స్కూల్లో 'తెలుగులో మాట్లాడే రోబో' ప్రదర్శన పెట్టాను. నడుమెత్తు బొమ్మ, కళ్లలో నీలం లైట్లు, ఛాతీలో వైర్‌లెస్ స్పీకరు. కింది పెదవికి చిన్న సర్వో కట్టాను. గొంతు పెరిగేకొద్దీ నోరు ఎక్కువ తెరుచుకుంటుంది. నా ఇంజనీరింగ్ అక్కడితో సరి. ప్రశ్న వినేది, జవాబు చెప్పేది గోడ అవతల స్టాఫు రూములో మైకు పట్టుకుని కూర్చున్న నా స్నేహితుడు.

పిల్లలు ఎగబడ్డారు. "నీది యా ఊరు?" అంటే "మీ పక్కూరే" అంది. పదమూడో ఎక్కం అడిగితే గడగడా అప్పజెప్పింది. అంతలో మావాడికి దగ్గొచ్చింది. మైకు ఆపేలోపే రోబో దగ్గేసింది. నోరు కూడా చక్కగా తెరిచింది. హాలంతా నవ్వు. వెనక వరసలో ఒక పాప మాత్రం నవ్వలేదు. లేచి నిలబడి, "సార్, దగ్గు గోడ అవతల్నుంచి గూడా ఇనపడింది. ఆడ ఎవరో ఉండారు" అంది.

ఆ హాల్లో ఇంజనీరు పని చేసింది ఆ పాప ఒక్కతే. రెండు చోట్ల నుంచి వచ్చిన చప్పుడు విని, దగ్గిన మనిషి ఒక్కడేనని తేల్చింది. నేనేం చేశాను? "లేదమ్మా, అది ఎకో" అన్నాను. సార్ కూర్చోమన్నారు. పక్కపిల్లలు గేలి చేశారు. కూర్చుంది, మళ్లీ చెయ్యెత్తలేదు. నాకు శాలువా కప్పారు.

యంత్రానికి మనిషి మాట అర్థమయ్యేలా చేయడానికి దశాబ్దాలు వెచ్చించిన రాజ్ రెడ్డి గారు మన సీమ మనిషే. 1937లో చిత్తూరు జిల్లా కాటూరులో పుట్టారు. 1979లో అమెరికాలో కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయం రోబోటిక్స్ ఇన్‌స్టిట్యూట్ పెట్టినప్పుడు తొలి డైరెక్టరు. 1994లో ట్యూరింగ్ అవార్డు. కడప జిల్లాలోనే ఉన్న ఇడుపులపాయ ట్రిపుల్ ఐటీ 2008లో ఏర్పడిన ఆర్‌జీయూకేటీ కిందిది. దానికి తొలి ఛాన్సలరూ ఆయనే. అంతటి పనిని నేను ఒక మైకు, ఒక గోడ అడ్డం పెట్టుకుని ఒక్క సాయంత్రంలో అయిందనిపించాను. దగ్గు వేరు, మాట వేరు అని యంత్రానికి తెలియడమే పెద్ద చిక్కని ఆ పాపకు చెప్పి ఉంటే, అదే పాఠమయ్యేది. పాఠం దానంతటదే వచ్చి నిలబడితే కూర్చోబెట్టాను.

చాన్నాళ్లు సమర్థించుకున్నాను కూడా. తోలుబొమ్మలాటలో మాత్రం తెర వెనక మనిషి లేడా అని. ధర్మవరం దగ్గరి నిమ్మలకుంట బొమ్మల గురించి కాస్త తెలుసుకున్నాక ఆ వాదనా నిలబడలేదు. ఆ ఆటలో మనిషిని ఎవరూ దాచరు. కాళ్ల కింద చెక్కలు టకటకమంటుంటాయి, కేతిగాడి బూతు మాటలు ఏ గొంతులోంచి వస్తున్నాయో ఊరందరికీ తెలుసు. 2020లో పద్మశ్రీ వచ్చింది కూడా తెర వెనక మనిషికే, దళవాయి చలపతిరావు గారికి. నాదేమో మనిషిని దాచి, బొమ్మ పేరుతో శాలువా కప్పించుకునే వ్యవహారం.

ఇంకోటీ ఒప్పుకోవాలి. 2016లో నీతి ఆయోగ్ మొదలుపెట్టిన అటల్ టింకరింగ్ ల్యాబుల ఉద్దేశమే ఆరు నుంచి పన్నెండో తరగతి పిల్లలు తమ చేత్తో చేసి చూడాలని. అలాంటి ల్యాబుల్లో కూడా నేను పిల్లల్ని కిట్టు ముట్టుకోనిచ్చేవాణ్ణి కాదు, విరగ్గొడతారని. గీత వెంబడి నడిచే బండి చూపించడానికి తెల్ల ఫ్లెక్సీ వెంట తీసుకెళ్లేవాణ్ణి. దాని మీద నల్ల టేపు, ఎప్పుడూ తప్పని ఆట. ఫ్లెక్సీ ఎందుకో ఎవరూ అడగలేదు, నేనూ చెప్పలేదు. మన బడుల్లో నేల కడప బండలది. నల్ల నేల మీద నల్ల గీత సెన్సరుకు ఆనదు. తెలుపు పరారుణ కాంతిని తిప్పి పంపుతుంది, నలుపు మింగేస్తుంది.

ఆ దగ్గు తర్వాత కొన్నాళ్లకు ఫ్లెక్సీ ఇంట్లోనే వదిలేసి వెళ్లాను. బండి గీత దొరక్క ఉన్నచోటే గింగిరాలు కొట్టింది. "బ్యాటరీ అయిపోయిందేమో సార్" అన్నారు. మారిస్తే అదే తంతు. ఒక పిల్లోడు మోకాళ్ల మీద కూర్చుని గీతనూ బండనూ వేలితో రాసి చూశాడు. "రెండూ నలుపే గదన్నా" అని సుద్దముక్క తెచ్చి తెల్ల గీత గీశాడు. బండి దాన్ని చూసి పారిపోయింది, దానికి నేర్పింది నలుపును వెతకమని. ప్రోగ్రాములో ఆ ఒక్క షరతు ఎక్కడుందో వెతికి తిరగేయడానికి గంట గడిచిపోయింది. సుద్ద గీత మీద నడిచి, వాకిలి దగ్గర ఎండ పడగానే మళ్లీ తప్పిపోయింది. ఎండలోనూ పరారుణ కాంతి ఉంటుంది మరి. నేను నోరు తెరిచేలోపే పరీక్ష అట్టలు అడ్డం పెట్టి నీడ పట్టారు. బండి వెంట అట్టలు పట్టుకుని వంగి నడుస్తున్న ఆ గుంపును చూసి హెడ్మాస్టరు, "ఇదేం రోబో సామీ, దీనికే ఇంతమంది పనోళ్లా?" అన్నారు. నిజమే, చూడ్డానికి అదేం వైభవంగా లేదు.

మాట్లాడే రోబో ఇంకా ఉంది. వార్షికోత్సవాలకు అడుగుతారు, తీసుకెళ్తాను. ఇప్పుడు దాని వీపు తెరిచే ఉంటుంది, మైకు పట్టుకున్న మావాడు దాని పక్కనే కుర్చీ వేసుకుని కూర్చుంటాడు. పిల్లలు రోబో కన్నా వాణ్ణే ఎక్కువ ప్రశ్నలు అడుగుతారు. కొన్ని యాజమాన్యాలకు ఇది నచ్చదు. "ఆయన్ని తెర వెనక కూర్చోబెట్టండి, తల్లిదండ్రులు వస్తారు గదా" అంటారు. కుదరదంటే ఫోన్ పెట్టేస్తారు. ఆ డబ్బు పోతే పోనీలే అనుకునే స్థితి నాకింకా రాలేదు. చవితి సీజన్లో వైపర్ మోటార్లతో ఆ లోటు పూడ్చుకుంటున్నాను.