పంచుకున్న బల్ల

సాయంకాలం ఆరు గంటలకు నాన్నగారు ఇంట్లో ఉన్న జ్ఞాపకం నాకు లేదు. శాలిబండ వాలు దిగి, చార్మినారు దారిలోని ఒక ఇరానీ హోటలుకు వెళ్ళేవారు. ఒక్క కప్పు చాయ్‌కి రెండు గంటలెందుకని అమ్మ దెప్పేది. ఆయన నవ్వి ఊరుకొనేవారు.

ఆయన పోయిన నెలకు నేనూ అక్కడికి వెళ్ళాను. హోటలంతా నిండి ఉంది. చలువరాతి బల్ల దగ్గర ఒక వృద్ధుడు ఒంటరిగా కూర్చొని ఉన్నారు. కూర్చోవచ్చునా అని అడిగేలోపే "బైఠో బేటా" అన్నారు. నేనెవరి కొడుకునో చెప్పాను. ఆయన కాసేపు మాట్లాడలేదు. తన చాయ్ సగం సాసరులో పోసి నా వైపు జరిపారు. పదకొండేళ్ళు వారిద్దరిదీ అదే బల్లట. ఒకరి ఇల్లు ఒకరు చూడనేలేదు.

బ్ర్నోలో ఉద్యోగం చేస్తున్న తమ్ముడికి ఫోనులో ఈ సంగతి చెప్పాను. చెక్ దేశపు 'హొస్పొద'లలోనూ ఇదే మర్యాద అన్నాడు. అవి వాళ్ళ బీరు దుకాణాలు. పరాయివాళ్ళ బల్ల వద్ద చోటు కనిపిస్తే "యే తు వోల్నో?" అంటే "ఇక్కడ ఖాళీయేనా?" అని అడిగి కూర్చుంటారు. తాగిన ప్రతి గ్లాసుకూ సర్వరు చీటీపై ఒక గీత గీస్తాడు. "ఆ ఒక్క వాక్యం నేర్చుకొన్నాకే ఈ ఊళ్ళో నాకు మనుషులు దొరికారన్నయ్యా" అన్నాడు.

మరో చుట్టరికమూ ఉంది. ఇరానీ హోటళ్ళలో ఒకప్పుడు విరివిగా కనిపించిన వంపు కర్రల కుర్చీకి మూలరూపం 1859 నాటి థోనెట్ 14వ నంబరు కుర్చీ. థోనెట్ కార్ఖానా తమ్ముడు ఉండే మొరావియా ప్రాంతంలోని కొరిచానిలో ఉండేది. బీచ్ కర్రను ఆవిరిపట్టి వంచేవారు. ఆరు చెక్కముక్కలు, పది మరమేకులు, రెండు నట్లు కలిస్తే ఒక కుర్చీ. విడదీసిన ముప్పైయారు కుర్చీలు ఒక ఘనమీటరు పెట్టెలో పట్టేవి. అందుకే అవి సముద్రాలు దాటగలిగాయి.

ఇప్పుడు నగరంలో చాలా ఇరానీ హోటళ్ళు మూతపడ్డాయి. నిలబడి తాగి వెళ్ళే చాయ్ దుకాణాలు పెరిగాయి. అక్కడా చాయ్ రుచిగానే ఉంటుంది. కాని ఎదురుగా కూర్చొనే మనిషి ఉండడు.

ఆ రాత్రి అమ్మకు అంతా చెప్పాను. ఏమీ అనలేదు. మరునాడు నేను బయలుదేరుతుంటే జంతికల డబ్బా చేతికిచ్చి, "ఆ పెద్దాయనకు" అన్నది.