వెల చెప్పని మాటలు

మా ఊళ్లో వినాయక చవితి పందిట్లో తొమ్మిది రాత్రుల్లో ఒక రాత్రి పిల్లలది. హరికథ, భజన, బుర్రకథ పెద్దవాళ్లకు. పిల్లల రాత్రి మాత్రం ఒక ఏకపాత్ర ఉండి తీరాలి. అది రాముడిదీ కాదు, కృష్ణుడిదీ కాదు. దుర్యోధనుడిది. అట్టముక్కకు బంగారు కాగితం అంటించిన కిరీటం, కర్రకు కొబ్బరిబోండాం గుచ్చి రంగు కాగితం చుట్టిన గద, కాటుకతో దిద్దిన మీసం. ఆరో తరగతిలో ఆ గద పట్టుకుని మైకు ముందు నిలబడ్డవాణ్ణి నేను. "ఏమంటివి? ఏమంటివి?" అనగానే పందిరంతా సద్దుమణిగింది. ఆ సమాసాల్లో సగానికి నాకు అర్థం తెలీదు. ఎక్కడ ఊపిరి పీల్చుకోవాలో మాత్రం తెలుసు.

నేర్పింది మా మేనమామ. మైకుసెట్టు వాళ్ల దగ్గర డైలాగుల రికార్డు ఉండేది. అది పదిసార్లు వేయించి, ప్రతి విరుపూ నా చేత పలికించాడు. నేను గొంతు చించుకుంటుంటే ఆపి, "ఒరే, అరవకు. అడుగు. అక్కడ దుర్యోధనుడు అరవడం లేదురా, అడుగుతున్నాడు" అన్నాడు. ఆ మాట విలువ నాకు తెలియడానికి చాలా ఏళ్లు పట్టింది.

1977 సంక్రాంతికి, జనవరి 14న వచ్చింది 'దానవీరశూరకర్ణ'. మాటలు కొండవీటి వెంకటకవి రాశారు. దర్శకత్వం ఎన్టీఆర్‌దే. కర్ణుడూ ఆయనే, దుర్యోధనుడూ ఆయనే, కృష్ణుడూ ఆయనే. దుర్యోధనుడికి యుగళగీతం కూడా పెట్టారంటే ఆ పాత్రను ఎంత మోజుపడి మలిచారో ఊహించుకోవచ్చు. అయినా జనం గుండెల్లో నాటుకుపోయింది కుమారాస్త్ర విద్యా ప్రదర్శన ఘట్టం. పందెంలోకి వచ్చిన కర్ణుణ్ణి కులమేదని అడిగితే, సమాధానం చెప్పడానికి దుర్యోధనుడు లేస్తాడు. కుండలో పుట్టిన ద్రోణుడిది ఏ కులమని నిలదీస్తాడు. గంగకు పుట్టిన భీష్ముణ్ణి, వసిష్ఠుడి సంతతిని గుర్తు చేస్తాడు. ఒక్కొక్కరి పుట్టుకనూ తిరగేసి చూపించి, చివరికి అంగరాజ్యానికి కర్ణుణ్ణి రాజును చేస్తాడు.

ఆ ప్రశ్నలో తప్పు వెతకడం కష్టం. పుట్టుక అడ్డుపెట్టి ఎవరినో ఎక్కడో ఆపేసిన ప్రతి ఊళ్లోనూ ఆ ప్రశ్నకు పని ఉంది. మా పందిట్లో వెనక వరసలో, చెప్పులు చేత్తో పట్టుకుని నిలబడి విన్నవాళ్లు నాకు ఇప్పటికీ కళ్లకు కడతారు. చప్పట్లు మొదట అక్కడినుంచే వచ్చాయి. వాళ్ల మనసులో ఎన్నాళ్లుగానో ఉన్న మాటను అంత గంభీరమైన తెలుగులో, అంత ధాటిగా వేరే ఎవరూ వాళ్ల తరఫున అడగలేదు.

ఆ ప్రశ్న ప్రతినాయకుడి నోట రావడానికి ఒక కారణం ఉంది. మన సినిమా నాయకుడు తనకోసం ఏదీ కోరుకోడు. అమ్మకోసం, చెల్లెలి పెళ్లికోసం, ఊరికోసం పోరాడతాడు. "నాకు కావాలి" అనే మాట అతని నోట రాకూడదని మన మర్యాద. కాని కోరిక లేని మనిషి ఉంటాడా? పైకి రావాలని, నలుగురూ తలెత్తి చూడాలని ఉండే ఆశ ఎక్కడికి పోతుంది? అది ప్రతినాయకుడి నోట్లోకి చేరింది. అందుకే అతని మాటలు మనకు కంఠతా వచ్చాయి. నాయకుడి మాట నీతిగా వింటాం. ప్రతినాయకుడి మాట సొంతం చేసుకుంటాం.

1951లో వచ్చిన 'పాతాళభైరవి' చూడండి. కె.వి. రెడ్డి దర్శకత్వం, పింగళి నాగేంద్రరావు మాటలు. తోటరాముడు తోటమాలి కొడుకు. రాజకుమారిని ప్రేమించాడు. అది నీకు తగని ఆశ అని లోకమంతా అంటుంటే, వెన్నుతట్టినవాడు నేపాళ మాంత్రికుడు ఒక్కడే. ఎస్వీ రంగారావు ఆ గడ్డం కింద నుంచి, ఆ కళ్లతో, "సాహసం సేయరా డింభకా" అంటాడు. డెబ్బై ఏళ్లు దాటినా పరీక్షకు వెళ్లే పిల్లవాడితో తాత ఆ మాటే అంటాడు. ఎంత చక్కని ప్రోత్సాహం! కాని మాంత్రికుడికి కావలసింది రాముడి పెళ్లి కాదు, రాముడి తల. పాతాళభైరవికి బలి ఇవ్వడానికి ఒక సాహసవంతుడు కావాలి. అందుకే ముందు అతన్ని సాహసవంతుణ్ణి చేస్తున్నాడు.

ఈ రెండు మాటలనూ పక్కపక్కన పెట్టి చూసినప్పుడు నాకొక సంగతి తట్టింది. రెండూ నిజాలే. పుట్టుకతో మనిషిని కొలవకూడదన్నది నిజం. సాహసం లేనిదే ఏదీ దక్కదన్నదీ నిజం. కాని రెండు చోట్లా చెప్పినవాడు వెల దాచాడు. అంగరాజ్యం ఇచ్చిన నాడు దుర్యోధనుడు కర్ణుణ్ణి ఏమీ అడగలేదు, చెలిమి తప్ప. ద్రౌపదిని ఈడ్చుకొచ్చిన సభలో ఆ చెలిమి కర్ణుణ్ణి దుర్యోధనుడి పక్కన నిలబెట్టింది. కన్నతల్లి వచ్చి పిలిచినా కదలనివ్వలేదు. కురుక్షేత్రంలో రథచక్రం కుంగిన చోటుకు తీసుకుపోయింది. అధికారం చేయి చాచి పిలిచేటప్పుడు ఎప్పుడూ మంచి మాటే మాట్లాడుతుంది. లెక్క తర్వాత పంపిస్తుంది.

ఈ సంగతి మన మంచి రచయితలకు బాగా తెలుసు. 1975లో బాపు తీసిన 'ముత్యాలముగ్గు'కు ముళ్లపూడి వెంకటరమణ మాటలు రాశారు. రావు గోపాలరావు వేసిన కంట్రాక్టరు ఒక పచ్చని కాపురాన్ని కూల్చే పనికి బేరం కుదుర్చుకున్న మనిషి. అతని నోటనే మనిషన్నాక కూసింత కలాపోసన ఉండాలన్న మాట పెట్టారు. పొద్దున్నే సూర్యోదయం చూసి మురిసిపోతాడు. ఆ ఎరుపులో అతనికి కనిపించేది మాత్రం హత్య. అందాన్ని చూసే కన్నూ, నెత్తురును చూసే కన్నూ ఒక్కటే అయినప్పుడు ఆ మనిషి ఎంత ప్రమాదమో రచయిత మనకు ఆ ఒక్క దృశ్యంలోనే చెప్పేశారు. మనం మాట పట్టుకుని, దృశ్యం వదిలేశాం.

2010లో దేవా కట్టా 'ప్రస్థానం'లో సాయికుమార్ లోకనాథం అయ్యాడు. పురాణాలు దాటి వచ్చి చూస్తే హీరోలూ విలన్లూ ఉండరని, అవసరాల కోసం దారులు తొక్కే పాత్రలే ఉంటాయని అతని వాదన. ఆ వాదన వింటుంటే ఔననిపిస్తుంది. అందులో అతను చెప్పనిది, తన దారిలో ఎవరెవరు నలిగిపోయారన్నది. ఇక 2021లో సుకుమార్ 'పుష్ప'. "తగ్గేదే లే" అన్న మాట పుట్టిన చోటు కూడా పాత గాయమే. ఇంటిపేరు దక్కని కూలివాడు పుష్ప, కులం అడిగించుకున్న సూతపుత్రుడు కర్ణుడు. ఇద్దరి అవమానమూ ఒక్కటే. కాని పుష్ప మెట్టు మెట్టుకూ వెల కట్టింది ఎర్రచందనం. శేషాచలం, దాని చుట్టుపక్కల కొండల్లో తప్ప సహజంగా ఎక్కడా పెరగని చెట్టు అది. గడ్డం కింద చేయి తిప్పి ఆ మాట అనే పిల్లవాడికి ఆ చెట్టు గురించి కూడా చెప్పాలి.

ఈ మాటలు పిల్లలకు వద్దని నేను అనను. తెలుగు గొంతుకు ఊపిరి పట్టడం నేర్పిన మాటలు అవి. ఆశపడటం తప్పు కాదని నేర్పిన మాటలూ అవే. నాకు భయం కలిగించేది వాటిని ముక్కలుగా వినడం. ఫోనులో అర నిమిషం కోతగా వచ్చే దుర్యోధనుడికి కురుక్షేత్రం ఉండదు. అర నిమిషం మాంత్రికుడికి బలిపీఠం ఉండదు. 'పాతాళభైరవి'లో రాముణ్ణి బలి ఇద్దామనుకున్న చోటే మాంత్రికుడు బలి అవుతాడు. ఆ సంగతి తెలిసిన పిల్లవాడికే "సాహసం సేయరా" అన్న మాట పూర్తిగా తెలిసినట్టు.

మా మామ చెప్పిన మాటకు ఇప్పుడు అర్థం తెలిసింది. అరవడం వేరు, అడగడం వేరు. దుర్యోధనుడి దగ్గర మనం నేర్చుకోవలసింది ఆ అడగడమే. దాన్ని దుర్యోధనుడి మీద కూడా ప్రయోగించాలి. ఎవరైనా వచ్చి నిన్ను రాజును చేస్తానంటే, వెల ఎంతని ముందే అడగాలి.

ఈసారి చవితి పందిట్లో మీ అబ్బాయికి ఆ ఏకపాత్ర నేర్పండి. మీ అమ్మాయికీ నేర్పండి. కిరీటం తీసి లోపల పెట్టాక, ఆ రాత్రే పక్కన కూర్చోబెట్టుకుని కర్ణుడి కథ చివరిదాకా చెప్పండి.