మిస్సమ్మ కాని భానుమతి

మన ఇంట్లో 'మిస్సమ్మ' పెట్టినప్పుడల్లా ఎవరో ఒకరు అంటారు, "పాపం, ఈ వేషం భానుమతిది కదా" అని. 1955లో వచ్చిన ఆ సినిమాకి ముందు ఆవిడనే పెట్టుకుని కొన్ని రీళ్ళు తీశారు కూడా. వ్రతం రోజున షూటింగుకి ఆలస్యంగా వచ్చారని, నిర్మాత చక్రపాణి క్షమాపణ కోరారని, ఆవిడ చెప్పనన్నారని చెప్పుకుంటారు. రెండో నాయిక సావిత్రి మొదటి నాయిక అయ్యారు, ఆ ఖాళీలోకి జమున వచ్చారు. ఆ తర్వాత సావిత్రి ఎంత ఎత్తుకి వెళ్ళారో అందరికీ తెలుసు. దాంతో భానుమతి మీద మనవాళ్ళకి జాలి. నాకు మాత్రం ఆ 'పాపం' దగ్గరే పేచీ.

అప్పటికి ఆవిడ చేతిలో ఏముందో చూడండి. ఒంగోలు దగ్గర దొడ్డవరం పిల్ల. 1939లో 'వరవిక్రయం'తో మొదలుపెట్టారు. 'కృష్ణప్రేమ'కి సహాయ దర్శకుడిగా పనిచేసిన రామకృష్ణగారిని 1943లో, ఇంట్లో ఇష్టం లేకపోయినా, తనే కోరి పెళ్ళి చేసుకున్నారు. ఇక నటన చాలు, కాపురం చేసుకుందాం అనుకున్న మనిషిని బి.ఎన్. రెడ్డిగారు 'స్వర్గసీమ' (1945) కోసం మళ్ళీ తీసుకొచ్చారు. తర్వాత భార్యాభర్తలిద్దరూ కొడుకు పేరు మీద భరణీ పిక్చర్స్ పెట్టారు. మన వడపళని దాటితే వచ్చే సాలిగ్రామంలో భరణీ స్టూడియో కూడా కట్టారు. అంటే 'మిస్సమ్మ' నాటికి ఆవిడ ఒకరి దగ్గర వేషం కోసం ఎదురుచూసే మనిషి కాదు. సొంత బేనరు, సొంత పాట, సొంత మాట.

అంతకు రెండేళ్ళ ముందే, 1953లో, 'చండీరాణి'కి దర్శకత్వం వహించారు. తెలుగు, తమిళం, హిందీ మూడింట్లోనూ. అందులో ద్విపాత్రాభినయం కూడా తనదే. దేశంలోనే మొదటి మహిళా దర్శకురాలని కొందరు రాసేస్తుంటారు గానీ అది సరికాదు. బొంబాయిలో ఫాత్మా బేగం, ఇక్కడే మద్రాసులో టి.పి. రాజలక్ష్మి ముందే ఉన్నారు. లేని గొప్ప అంటగట్టక్కర్లేదు, ఉన్నదే చాలు. ఒకే పనిని మూడుసార్లు చేయించి మూడుచోట్లా సరిగ్గా వచ్చిందో లేదో చూసుకోవడం ఎంత ప్రాణాంతకమో, టెస్టింగ్ ఉద్యోగం చేసేదాన్ని, నాకు బాగా తెలుసు. ఆవిడ అది కెమెరా ముందు నిలబడి చేశారు.

నాకు బాగా దగ్గరైన సినిమా మాత్రం 'మల్లీశ్వరి' (1951). నేను చదివింది బళ్ళారిలో, కన్నడ మీడియం. బడిలో కృష్ణదేవరాయలు కన్నడ రాజు, ఇంట్లో తాతయ్య దగ్గర తెలుగు రాజు. ఆ తగువు ఎటూ తేలేది కాదు. స్కూలువాళ్ళు హంపీ తీసుకెళ్తే ఆ రాళ్ళ మధ్య నాకు కనిపించింది మాత్రం రాయలవారు కాదు, మల్లి. ఆ సినిమా విజయనగరాన్ని కట్టింది ఎక్కడో కాదు, వడపళని వాహినీ స్టూడియోలో. ఇప్పుడక్కడ ఆస్పత్రి, మాల్ ఉన్నాయి. పిల్లలు పాప్‌కార్న్ తింటూ తిరిగేది ఆ నేల మీదే.

తమిళంవాళ్ళు కూడా ఆవిణ్ణి తమ మనిషే అనుకున్నారు. అణ్ణాదురైగారు నటనకు వ్యాకరణం అన్న బిరుదు ఇచ్చారు. మా ఆఫీసులో తమిళ స్నేహితురాలు ఒకామె భానుమతి తెలుగావిడ అంటే నమ్మలేదు, వాళ్ళ పాటీ ఆవిడ పాటలు పాడేదట. 1985లో ఇక్కడి ప్రభుత్వ సంగీత కళాశాలకి ప్రిన్సిపాల్ అయ్యారు కూడా. మరోవైపు అంతకు ముందు ఏడాదే తెలుగులో 'మంగమ్మగారి మనవడు' ఆడింది. మా వయసువాళ్ళకి ఆవిడ మొదట తెలిసింది ఆ బామ్మగానే.

ఇంతకీ ఆవిడ పని అంతటిలో మన ఇంట్లో ఇప్పటికీ నడుస్తున్నది సినిమా కాదు, 'అత్తగారి కథలు'. తెలుగు బడి ముఖం చూడని నేను కన్నడ లిపి తెలిసిన ధైర్యంతో, తలకట్లు పోల్చుకుంటూ, మొదటిసారి చివరిదాకా చదివిన తెలుగు పుస్తకం అది. మడి, ఆవకాయ, పనిమనుషులతో పేచీలు, అమాయకపు అత్తగారి పెత్తనం. ఇంట్లో షూటింగులకి వెళ్ళే పెద్ద తార ఉందన్న బెరుకు ఆ అత్తగారికి ఏ కోశానా ఉండదు. కోడలు కూడా ఆ కథల్లో తార కాదు, నవ్వు ఆపుకుంటూ చూసే మనిషి. మద్రాసు నడిబొడ్డున కూర్చుని రాసినా అందులో భాష మా అమ్మమ్మ వంటింట్లోదే.

మన పిల్లలకి తెలుగు మాట వచ్చు, చదవడం రాదు. అందుకని ఆదివారాలు అమ్మ ఒక్కో కథ చదువుతుంటే ఫోనులో రికార్డు చేస్తున్నాను. ఇప్పటికి నాలుగయ్యాయి. రెండోదాంట్లో అమ్మ నవ్వు ఆగక కథ సగంలోనే నిలిచిపోయింది, అదలాగే ఉంచాను.